వేలూరు, గుడియాత్తం సీమలో తెలుగు బడి

ఉగాది సంచికకు ఏదైన ఒక చరిత్ర విషయము వ్రాయవలసినదని మన సంఘము పెద్దలు మమ్ము కోరినారు. మేము పండితులము కాము. మెట్రిక్ చదువుతో రైల్వే కొలువులో గుమాస్తాగా కుదిరి, బిల్లులు, రిజిష్టర్ల నడుమ దినములు గడుపుచున్నవారము. రాజుల యుద్ధములను గూర్చి, వేలూరు కోటను గూర్చి మాకంటె ఎక్కువ తెలిసినవారు ఇదివరకే వ్రాసియున్నారు. కాని ఆ కోట చుట్టుపట్ల పల్లెలలో పలక, బలపము చేతబట్టి తెలుగు అక్షరములు దిద్దిన పిల్లల చరిత్ర అంతగా ఎవరికిని పట్టలేదు. అందుచేత ఈ సీమలో తెలుగు బడి ఎట్లు పుట్టినది, ఎట్లు నిలిచినది, నేడు దాని స్థితి యేమి అను విషయమును మాకు తెలిసినంతలో మనవి చేయుచున్నాము.

మొదట ఒక మాట. మనలో చాలమందిమి ఉద్యోగరీత్యా, వ్యాపారరీత్యా వచ్చి ఇచ్చట నిలిచిపోయినవారము. నెల్లూరు, గుంతకల్లు, విజయవాడల నుండి బదిలీ మీద కాట్పాడికి వచ్చి క్వార్టర్సులలో కాపురము పెట్టినవారు కొందరు. పెద్దాసుపత్రిలో పని దొరికి వచ్చినవారు కొందరు. అయితే ఈ జిల్లాకు తెలుగు మనతో కూడ రైలు దిగి వచ్చినది కాదు. కాట్పాడి, గుడియాత్తం, పేరణాంబట్టు ప్రాంతముల సరిహద్దు పల్లెలలో తరతరములుగా తెలుగు మాటాడు రైతులు, కూలీలు, చేతిపనివారు ఉన్నారు. వారు ఉన్నచోటనే ఉన్నారు; సరిహద్దు గీత మాత్రము వారి పొలముల నడుమగా వచ్చినది. మనము మన పిల్లల చదువును గూర్చి విచారపడునపుడు ఆ పల్లెవారిని మరచుట తగదు. బడి అనునది వారి వలననే ఇన్నాళ్ళు నిలిచినది.

రాయవేలూరు

మన తాతలు ఈ ఊరిని రాయవేలూరు అని పిలిచెడివారు. 1565 లో తళ్ళికోట యుద్ధము జరిగిన పిమ్మట విజయనగర రాజులు పెనుగొండకు, అటుపైన చంద్రగిరికి, 17 వ శతాబ్ది తొలి సంవత్సరములలో వేలూరుకు తమ రాజధానిని మార్చుకొనిరి. అంతకు మునుపే చిన్న బొమ్మినాయకుడు ఇచ్చట ఏలుచు అప్పయ్య దీక్షితుల వంటి మహాపండితుని ఆదరించి యుండెను. అరవీటి వంశములో కడపటివాడైన శ్రీరంగరాయలకు కూడ వేలూరే ముఖ్యపట్టణము. ఆ తరువాత బిజాపురము వారు, మహారాష్ట్రులు, నవాబులు, కుంఫిణీవారు వరుసగా వచ్చిరి. ఒకరి వెంట ఒకరు వచ్చినకొద్దీ ఈ ఊరి వీధులలో తమిళము, తెలుగు, ఉరుదూ, మరాఠీ కలసిపోయినవి. సంతలో బేరము ఒక భాష, ఇంట బువ్వ పెట్టుట ఒక భాష, కచేరీలో అర్జీ మరియొక భాష. ఇది ఇచ్చటివారికి వింత కాదు.

ఇంగ్లీషువారి కాలమున ఈ ప్రాంతమంతయు ఉత్తర ఆర్కాటు జిల్లా. ఆ జిల్లాకు కలెక్టరు కచేరి ఉన్న ఊరు ఏది? వేలూరు కాదు, చిత్తూరు. నేటి చిత్తూరు, పలమనేరు, చంద్రగిరి తాలూకాలును, వేలూరు, గుడియాత్తం తాలూకాలును అప్పుడు ఒక్క జిల్లాలోనివే. చిత్తూరు ప్రక్కన కట్టమంచిలో 1880 లో పుట్టి, 1926 లో ఆంధ్ర విశ్వవిద్యాలయమునకు మొదటి ఉపాధ్యక్షుడైన రామలింగారెడ్డిగారు పుట్టుకచే ఉత్తర ఆర్కాటు జిల్లావారే. తిరుత్తణిలో 1888 లో తెలుగు కుటుంబమున పుట్టిన సర్వేపల్లి రాధాకృష్ణన్ గారు తిరుపతిలో చదువుకొని, వేలూరు ఊరీసు కాలేజీకి వచ్చి చేరినారు. అటుపిమ్మట మదరాసు క్రిస్టియన్ కాలేజీకి పోయినారు. తిరుత్తణి, తిరుపతి, వేలూరు, మదరాసు అనునవి ఆనాటి విద్యార్థికి ఒకే దారిలోని ఊళ్ళు. ఏ ఊరు ఏ రాష్ట్రములోనిది అను ప్రశ్న ఆయనకు కలుగనే లేదు.

1911 ఏప్రిల్ 1 వ తేదీన ఉత్తర ఆర్కాటు నుండి కొన్ని తాలూకాలు, కడప జిల్లా నుండి మదనపల్లె, వాయల్పాడు తాలూకాలు తీసి చిత్తూరు జిల్లాను ఏర్పరచినారు. వేలూరు మిగిలిన ఉత్తర ఆర్కాటుకు ముఖ్యపట్టణమైనది. ఇది అప్పటికి కేవలము కచేరీల సౌకర్యమునకై చేసిన పని. కాని నలువది రెండు సంవత్సరముల పిమ్మట ఆ జిల్లా గీతయే రాష్ట్రపు గీత కాబోవుచున్నదని ఆనాడు ఎవరు అనుకొనిరి?

వీధి బడి

ప్రభుత్వము బడులు పెట్టక పూర్వము పల్లెలకు చదువు లేదని కొందరనుకొందురు. అది సరికాదు. సర్ తామస్ మన్రో మదరాసు గవర్నరుగా ఉండి 1822 లో ప్రతి జిల్లా కలెక్టరును తమ తమ జిల్లాలలో ఎన్ని బడులున్నవో లెక్క పంపుడని అడిగెను. ఆ లెక్కలన్నియు చేరిన పిమ్మట 1826 లో ఆయన వ్రాసిన దానిని బట్టి రాజధాని మొత్తము మీద 12,498 బడులు, వానిలో 1,88,650 మంది విద్యార్థులు ఉండిరి. అనగా సుమారు వెయ్యిమంది జనమునకు ఒక బడి. ఉత్తర ఆర్కాటు నుండి పోయిన లెక్కలో తమిళ బడులు, తెలుగు బడులు వేరు వేరుగా చూపబడినవి. ఒకే జిల్లాలో రెండు భాషల బడులు ప్రక్కప్రక్కన ఉండుట నిన్న మొన్నటి మాట కాదని దీనివలన తెలియుచున్నది.

ఆ బడి ఎక్కడ ఉండెడిది? అయ్యవారి ఇంటి అరుగు మీద, లేదా గుడి మంటపమున. తమిళులు దానినే తిణ్ణై పళ్ళికూడము అందురు. ఇసుక మీద వ్రేలితో అక్షరములు దిద్దించి, ఎక్కములు వల్లె వేయించి, సుమతి, వేమన పద్యములు కంఠస్థము చేయించి, ఉత్తరము వ్రాయుట, పద్దు వ్రాయుట నేర్పెడివారు. పరీక్ష లేదు, సర్టిఫికెట్టు లేదు. కాని బడి దాటిన పిల్లవాడు దస్తావేజు చదివి అందలి మోసము కనిపెట్టగలిగెడివాడు. పిమ్మట మిషనరీలు, జిల్లా బోర్డులు, మునిసిపాలిటీలు బడులు పెట్టినారు. తిరుమల తిరుపతి దేవస్థానమువారు వేలూరులో ఉన్నత పాఠశాలను నడపినారు. వీధి బడులు క్రమముగా బోర్డు బడులలో కలసిపోయినవి.

సరిహద్దు వచ్చిన తరువాత

1952 డిసెంబరు 15 న పొట్టి శ్రీరాములుగారు ప్రాణత్యాగము చేసినారు. 1953 అక్టోబరు 1 న ఆంధ్ర రాష్ట్రము ఏర్పడినది. చిత్తూరు అటు పోయినది. వేలూరు, గుడియాత్తం ఇటు నిలిచినవి. రెండు రాష్ట్రముల నడుమ ఏ పల్లె ఎవరిదను తగవు తీర్చుటకు పటాస్కరుగారు మధ్యవర్తిగా నియమింపబడినారు. ఆయన తీర్పును బట్టి 1959 లో చట్టము చేయబడి, 1960 ఏప్రిల్ 1 నుండి తిరుత్తణి తాలూకా మదరాసు రాష్ట్రమునకు, చెంగల్పట్టు, సేలము జిల్లాల నుండి కొన్ని పల్లెలు ఆంధ్రప్రదేశమునకు మారినవి. ఎక్కడ గీత గీసినను అటు కొందరు, ఇటు కొందరు మిగులక తప్పదు. అటువైపు తమిళులు మిగిలినారు. ఇటువైపు మనవారు మిగిలినారు.

దీనివలన బడికి వచ్చిన మార్పు ఏమనగా, అంతకుముందు తెలుగు ఈ జిల్లాలోని రెండు భాషలలో ఒకటి. ఇప్పుడది అల్పసంఖ్యాకుల భాష అయినది. పూర్వము మదరాసు నుండియే తెలుగు పాఠ్యపుస్తకములు, తెలుగు ఇన్స్పెక్టర్లు, శిక్షణ పొందిన తెలుగు ఉపాధ్యాయులు వచ్చెడివారు. రాష్ట్రము విడిపోయిన తరువాత తెలుగు జిల్లాలు వేరై, మిగిలిన కొద్ది బడుల కొరకు ఆ ఏర్పాట్లన్నియు ప్రత్యేకముగా చేయవలసి వచ్చినది.

ఈ సందర్భమున గుడియాత్తం పేరు దేశమంతట మ్రోగిన ఒక ఘట్టమును చెప్పవలెను. 1953 లో రాజాజీగారి ప్రభుత్వము పల్లెటూరి ప్రాథమిక పాఠశాలలలో చదువును పూటకు కుదించి, మిగిలిన పూట పిల్లలు ఇంటిపని, తండ్రివృత్తి నేర్చుకొనవలెనని ఒక పథకము పెట్టినది. ఇది కులవృత్తి చదువని గొప్ప ఆందోళన లేచినది. రాజాజీగారు తప్పుకొనిరి. 1954 ఏప్రిల్ లో కామరాజుగారు ముఖ్యమంత్రియైనారు. అప్పటికి ఆయన శాసనసభలో సభ్యులు కారు. ఆయన ఉప ఎన్నికకు నిలిచి గెలిచిన స్థానము గుడియాత్తమే. ఆ యేడే పూటబడి పథకము రద్దయినది. 1956 లో పేద పిల్లలకు మధ్యాహ్న భోజనము మొదలైనది. బడిలేని పల్లెలలో బడులు వెలసినవి. ఆ బడులలో పళ్ళెము పట్టుకొని కూర్చున్న పిల్లలను ఏ భాషవారని ఎవరును అడుగలేదు. ఈ మేలును తెలుగువారము కృతజ్ఞతతో స్మరింపవలెను.

లెక్కల మీద నిలిచిన బడి

ఇక బడికి ఆధారమైన నిబంధనలను గూర్చి కొంత విపులముగా చెప్పుదుము. ఇవి మనవారిలో పలువురికి తెలియవు. తెలియనందుననే నష్టము కలుగుచున్నది.

1949 ఆగస్టులో రాష్ట్రముల విద్యామంత్రుల సమావేశము ఒక తీర్మానము చేసినది. దాని ప్రకారము ప్రాథమిక దశలో పిల్లలకు మాతృభాషలోనే చదువు చెప్పవలెను. అది ప్రాంతీయభాష కానప్పుడు, బడి మొత్తము మీద ఆ భాషవారు 40 మందికి తక్కువ కాకుండ గాని, ఒక తరగతిలో 10 మందికి తక్కువ కాకుండ గాని ఉన్నయెడల ఆ భాషలో చెప్పుటకు కనీసము ఒక ఉపాధ్యాయుని వేయవలెను. ప్రాంతీయభాషను మూడవ తరగతికి ముందు మొదలుపెట్టరాదు. ఆ తీర్మానములో మరియొక మాట కలదు. పిల్లవాని మాతృభాష యేది? తండ్రి గాని, సంరక్షకుడు గాని ఏది అని వ్రాసి ఇచ్చునో అదియే.

1956 లో రాజ్యాంగమునకు చేసిన ఏడవ సవరణచే 350 ఎ, 350 బి అను అధికరణములు చేరినవి. మొదటిది అల్పసంఖ్యాకుల పిల్లలకు ప్రాథమిక దశలో మాతృభాషలో బోధనకు తగిన సౌకర్యములు కల్పించుటకు ప్రతి రాష్ట్రము ప్రయత్నింపవలెనని చెప్పుచున్నది. రెండవ దానిని బట్టి 1957 లో భాషా అల్పసంఖ్యాకుల కమీషనరు నియమింపబడినారు. ఉన్నత పాఠశాలలకు వేరొక లెక్క వచ్చినది. పై నాలుగు తరగతులలో కలిపి 60 మంది, ఒక్కొక్క తరగతిలో 15 మంది ఉండవలెను. దక్షిణ రాష్ట్రములవారు కలసి, 1956 నవంబరు 1 న ఉన్న సౌకర్యములను తగ్గింపకూడదని, బడి తెరచుటకు ముందే అల్పసంఖ్యాకుల పిల్లల పేర్లు రిజిష్టరులో వ్రాసికొనవలెనని కూడ అనుకొనిరి.

మేము రైల్వేవారము గనుక మా భాషలో చెప్పుదుము. ఒక చిన్న స్టేషను నిలుచుట అచ్చట తెగు టిక్కెట్ల మీద ఆధారపడియున్నది. ఊరివారందరు బస్సెక్కి పోవుచు, స్టేషను ఎత్తివేసిరని మొరపెట్టుకొన్న ఏమి లాభము? తెలుగు బడి కూడ అట్టిదే. దానిని ఎవరును ఆజ్ఞ వేసి మూయనక్కరలేదు. పదిమంది ఉండవలసిన తరగతిలో తొమ్మిదిమంది ఉన్న చాలును. అది తనంతట తానే మూతపడును. అయ్యవారు పదవీ విరమణ చేయుదురు. ఆ స్థానము ఖాళీగా ఉండును. ఉపాధ్యాయుడు లేని బడికి ఏ తల్లి పిల్లను పంపును? పిల్లలు లేరు గనుక ఉపాధ్యాయుడు అక్కరలేదని మరుసటి సంవత్సరము తేలును.

రెండు భాషల పిల్లవాడు

సరిహద్దు పల్లెలోని తెలుగు పిల్లవాని పని మనమనుకొన్నంత సులభము కాదు. వాడు ఇంట 'ఆడికి పోతా' అనును. పుస్తకములోని తెలుగు కృష్ణా, గోదావరి జిల్లాల నుండి వచ్చినది గనుక 'అక్కడికి వెళతాను' అని యుండును. కనుక వానికి తెలుగులోనే రెండు తెలుగులు. అటుపైన తమిళము. తెలుగులో క, ఖ, గ, ఘ అని నాలుగు అక్షరములు నేర్చినవానికి తమిళములో ఆ నాలుగింటికి ఒక్క అక్షరమే ఎదురగును. పండ్రెండు అచ్చులు, పదునెనిమిది హల్లులే గదా అని సంతోషించునంతలో, ఏ చోట ఎట్లు పలుకవలెనో గుర్తుంచుకొనుట కష్టమని తెలియును. పిమ్మట ఇంగ్లీషు.

అయినను మంచి అయ్యవారు దొరికిన చోట ఈ కష్టమే లాభమైనది. లెక్కలు, భూగోళము, శాస్త్రము తెలుగులో అర్థము చేసికొని, తమిళమును నిత్యవ్యవహారమునకు, ఇంగ్లీషును పై చదువునకు నేర్చిన పిల్లలు ఎవరికిని తీసిపోలేదు. గుడియాత్తం సంతలో లుంగీల బేరము తమిళమున చేసి, చిత్తూరు కోర్టులో తెలుగున సాక్ష్యము చెప్పి రాగలవారు ఇప్పటికిని ఉన్నారు. మాతృభాషలో పునాది పడినవానికి రెండవ భాష బరువు కాదని వారిని చూచిన తెలియును.

1968 జనవరిలో మదరాసు శాసనసభ తమిళము, ఇంగ్లీషు అను ద్విభాషా విధానమును అంగీకరించినది. 1969 లో రాష్ట్రమునకు తమిళనాడు అను పేరు వచ్చినది. 1970 లో పాఠ్యపుస్తకముల సంస్థ ఏర్పడి తెలుగు మాధ్యమపు పుస్తకములను కూడ అచ్చువేయసాగినది. 2006 లో తమిళ అభ్యసన చట్టము వచ్చి, ఒకటవ తరగతి మొదలుకొని ఏడాదికొక తరగతి చొప్పున తమిళమును అందరికిని విధిగా చేసినది. అది పదవ తరగతికి చేరునప్పటికి, తమిళము చెప్పు ఉపాధ్యాయులు తమ బడులకు సరిగా రాలేదని, పిల్లలు పరీక్ష ఎట్లు వ్రాయుదురని అల్పసంఖ్యాకుల బడులవారు న్యాయస్థానములకు పోయినారు. కొన్ని సంవత్సరములకు మినహాయింపు దొరికినది. 2023 లో సుప్రీం కోర్టు ఆ యేటి పరీక్షకు మరల మినహాయింపు ఇచ్చినది.

మా అభిప్రాయము దాచుట ఎందుకు? ఈ నేల మీద బ్రతుకుచు తమిళము నేర్వనక్కరలేదనుట న్యాయము కాదు. నేర్చి తీరవలెను, బాగుగా నేర్వవలెను. కాని తమిళము నేర్చుటకు తెలుగును విడువవలసిన పని లేదు. రెండింటిని నేర్పగల అయ్యవార్లను ఇమ్మని అడుగుటలో తప్పు లేదు.

దూరదేశపు ఉదాహరణము

ఇట్టి కష్టము మనకొక్కరికే వచ్చినది కాదు. ఇంగ్లండు ప్రక్కనే వేల్సు అను దేశము కలదు. వారి భాష వేరు, ఇంగ్లీషు వేరు. 1847 లో ప్రభుత్వము పంపిన విచారణాధికారులు ఆ ప్రజల వెనుకబాటుకు వారి భాషయే కారణమన్నట్లు నివేదిక వ్రాసిరి. బడిలో వేల్సు భాష మాటాడిన పిల్లవాని మెడకు ఒక కొయ్యముక్క తగిలించు ఆచారము కొన్ని చోట్ల ఉండెడిది. తల్లిదండ్రులును ఇంగ్లీషు వచ్చిన చాలుననుకొనిరి. భాష క్షీణించినది.

అప్పుడు కొందరు తల్లిదండ్రులు మేలుకొనిరి. 1939 లో అబెరిస్ట్విత్ అను ఊరిలో ఏడుగురు పిల్లలతో వేల్సు భాషలో చదువు చెప్పు బడి తెరచిరి. ఏడుగురు మాత్రమే! 1956 లో ప్రభుత్వ పక్షమున మొదటి వేల్సు మాధ్యమపు ఉన్నత పాఠశాల రిల్ పట్టణమున ప్రారంభమైనది. పల్లెటూళ్ళలోని ఉన్నత పాఠశాలలు రెండు భాషలలో చదువు చెప్పసాగినవి. ఇంట ఇంగ్లీషు మాటాడువారు సైతము తమ పిల్లలను ఆ బడులకు పంపసాగిరి. 2021 జనాభా లెక్కలలో ఆ భాష వచ్చినవారు సుమారు 5 లక్షల 38 వేలమంది. తమిళనాడులో తెలుగు మాతృభాష అని 2011 జనాభా లెక్కలలో చెప్పినవారు సుమారు 42 లక్షలు. అయిదు లక్షలమంది చేయగలిగినది నలువది రెండు లక్షలమందికి అసాధ్యమా?

మన ఇంటి సంగతి

బడి తగ్గుటకు ప్రభుత్వమును మాత్రమే అనుట సులభము. కాని నేడు పల్లెపల్లెకు ఇంగ్లీషు బడి బండి వచ్చుచున్నది. మెడపట్టీ కట్టిన బిడ్డను చూచి తల్లి మురిసిపోవుచున్నది. కూలి చేసి అయినను జీతము కట్టుదుమనుచున్నారు. వారిని తప్పు పట్టలేము. బిడ్డ బాగుపడవలెననియే వారి తపన. తెలుగు చదివిన ఉద్యోగము ఎక్కడ అని వారడుగుచున్నారు. దానికి మనమిచ్చు జవాబు తీపి మాటలతో కాదు, లెక్కతో ఉండవలెను. మాతృభాషలో లెక్కలు అర్థమైన పిల్లవాడు ఏ భాషలోనైనను పరీక్ష దాటును. అర్థము కాని భాషలో వల్లె వేసినవాడు ఏ భాషకును చెందక మిగులును.

మన క్వార్టర్సు పిల్లలను చూడుడు. తెలుగు చక్కగా మాటాడుదురు. తాతగారి వద్ద నుండి ఉత్తరము వచ్చిన చదువలేరు. వారి ఇంగ్లీషు బడిలో తెలుగు లేకపోవచ్చును. ఇంట అరగంట లేదా? మన సంఘమునకు ఆదివారము లేదా? పెద్దబాలశిక్ష ఒక్కటి కొనిన చాలునే!

అందుచేత మేము కోరునది మూడు పనులు. పిల్లను ఏ బడిలో చేర్చినను దరఖాస్తులో మాతృభాష అను చోట తెలుగు అని తప్పక వ్రాయుడు. ఆ ఒక్క మాటయే తరువాత లెక్క అగును. రెండవది, సరిహద్దు పల్లెల తెలుగు బడులకు మన సంఘము పక్షమున ఏటికొకసారియైన పోయి, పుస్తకములు, పలకలు, బాగుగా చదివినవారికి బహుమతులు ఇచ్చి రావలెను. పట్నమునుండి పదిమంది వచ్చి తమ బడిని మెచ్చుకొనిరన్న తల్లిదండ్రులకు దాని మీద గౌరవము పెరుగును. మూడవది, ఉపాధ్యాయుని స్థానము ఖాళీ అయిన చోట ఊరివారితో కలసి అర్జీ వ్రాయవలెను. అర్జీలు వ్రాయుట మా బోటి గుమాస్తాలకు వచ్చిన విద్య. ఆ పనికి మేము ఎప్పుడును సిద్ధమే.

రాయల కోట రాతితో కట్టినది గనుక అడుగు పిల్లవాడు లేకున్నను నిలిచియున్నది. బడి అట్లు నిలువదు. ప్రతి సంవత్సరము జూన్ నెలలో దానిని మరల కట్టవలెను. ఈ ఉగాదినాడు పచ్చడి చేతికిచ్చునపుడు మన బిడ్డలకు ఆరు రుచులతో పాటు అయిదు అక్షరములు కూడ ఇత్తుము గాక. పాఠక సోదరీ సోదరులందరికిని మా నూతన సంవత్సర శుభాకాంక్షలు.